బండ మీది మచ్చకు వయసెంత?

(నల్లగొండలో డిగ్రీ విద్యార్థులు, సైన్సు టీచర్ల ముందు చేసిన ప్రసంగం. మాట్లాడిన తీరులోనే రాసి పెట్టాం.)

అందరికీ నమస్కారం. ముందు ఒక చిన్న పని చేసి, ఆ తర్వాత మాట్లాడుకుందాం. ఈ బల్ల మీద అరచేతంత రాయి ఉంది. క్వారీ పక్కన పారేసిన ముక్క. దీని పైముఖం మీద బూడిదరంగు మచ్చ, అంచులు చిన్న చిన్న ఆకుల్లాగ లేచి ఉన్నయి. ఎండ నేరుగా తగలకుండా, వెలుతురు మాత్రం బాగా పడేటట్టు కిటికీ దగ్గర పెట్టిన. ఎందుకు అక్కడే పెట్టిన్నో తర్వాత చెప్త. ఇప్పుడు అంచును మెల్లగ ముట్టుకుంటే అప్పడం లెక్క పెళుసుగ ఉంది. ఇస్త్రీ చేసేటప్పుడు నీళ్లు కొట్టే సీసాలో వాననీళ్లు పోసి తెచ్చిన, ఐదారుసార్లు కొడుతున్న. టైము తొమ్మిది నలభై. ముందు వరుసలో కూర్చున్నోళ్లు దాని రంగు మీద ఒక కన్నేసి ఉంచండి.

దీన్ని లైకెన్ అంటరు. మన ఇండ్లల్లో దీని చుట్టం ఒకటి ఎప్పటినుంచో ఉంది. బిర్యానీ మసాలాలో ముడుచుకున్న నల్ల కాగితం ముక్కలాంటిది వేస్తరు కదా, రాతిపువ్వు. అదీ లైకెనే. పేరుకు పువ్వు అంటం గానీ అది పువ్వు కాదు, అసలు మొక్కే కాదు. వేరు లేదు, కాండం లేదు, ఆకు లేదు, గింజ లేదు. చూసేటోళ్లకు మాత్రం మొక్కలాగే కనబడుతది.

అగో, చూసిన్రా? బూడిదరంగు పోయి ఆకుపచ్చ తేలింది. నిమిషం కూడా పట్టలె. ఇప్పుడు అంచు ముట్టుకుంటే తడి రుమాలు లెక్క మెత్తగ వంగుతది. మన కంది చేను వాడిపోతే నీళ్లు పెట్టిన తర్వాత లేచి నిలబడడానికి గంటలు పడుతది, పూర్తిగా ఎండిన కందికట్టె అయితే ఎన్ని నీళ్లు పెట్టినా లేవదు. ఇది నెలల తరబడి ఎండి ఉండి కూడా లేస్తది.

రంగు ఎట్ల మారిందో ముందు చూద్దాం, లోపలి నిర్మాణం దాంతోనే తెలుస్తది. ఈ మచ్చను బ్లేడుతో అడ్డంగ కోసి మైక్రోస్కోపు కింద పెడితే పైన గట్టి తోలు, దాని కింద పలుచటి ఆకుపచ్చ పొర, దాని కింద దూది పింజెలాంటి వదులు పొర, అడుగున బండను పట్టుకునే పోగులు కనబడతయి. తోలు, దూది, పోగులు అన్నీ శిలీంధ్రానివి. అంటే బూజు, పుట్టగొడుగుల కులం. ఆకుపచ్చ పొర నాచుది. ఎండినప్పుడు పై తోలులో గాలి నిండి తెల్లగ, మసకగ ఉంటది. తడవంగనే అది పలుచటి నూనె కాగితం లెక్క అయి కింది పచ్చదనం బయటికి కనబడుతది. కొత్తగ ఏదీ పుట్టలె, కిటికీ తెరిచినట్టయింది అంతే.

ఇందులో ఇద్దరున్నరని 1867లో స్విట్జర్లాండ్ వృక్షశాస్త్రవేత్త సైమన్ ష్వెండెనర్ చెప్పిండు. అప్పటి లైకెన్ పండితులు చాలామంది ఒప్పుకోలె. ఒక జీవిని రెండు చేస్తడా అని గట్టిగ ఎదురుతిరిగిన్రు. ఆయన మాటే నిలబడింది. 2016లో టోబీ స్ప్రిబిల్ బృందం చాలా లైకెన్ల తోలులో ఒక రకం ఈస్టు కూడా కాపురం ఉంటుందని చూపించింది. నాచు ఎండనుంచి చక్కెర చేస్తది, శిలీంధ్రం ఇల్లు కడతది, నీడ ఇస్తది. పిల్లలకు ఇంతవరకు చెప్తే చాలు. మనకు ఇయ్యాల కావల్సింది దీని కాలం సంగతి.

మొక్కకు నీటి మీద అదుపు ఉంటది. వేరుతో గుంజుతది, ఆకు రంధ్రాలు మూసుకుంటది, ఉన్న నీళ్లను జాగ్రత్తగ వాడుకుంటది. లైకెన్‌కు ఆ ఏర్పాటే లేదు. గాలి ఎంత తడిగ ఉంటే అదీ అంత తడి, గాలి పొడిబారితే అదీ పొడి. బాగా నానినప్పుడు తన పొడి బరువుకు ఒకటిన్నర నుంచి మూడింతల దాకా నీళ్లు ఉంటయి. ఎండినప్పుడు పదో వంతు కూడా ఉండవు. ఆ స్థితిలో శ్వాస లేదు, ఆహారం తయారీ లేదు, పెరుగుడు లేదు. బెల్లం పాకం ముదిరి గట్టిబడితే ఎట్ల ఎటూ కదలదో, దాని కణాల లోపలి ద్రవం కూడా అట్ల గాజులాగ బిగుసుకుపోతది. అందులో చక్కెరకు దగ్గరి చుట్టాలైన పదార్థాలు చాలా ఉంటయి, పొరలు ఒకదానికొకటి అంటుకొని చిరిగిపోకుండ అవే కాపాడుతయి. ఆ బిగుసుకున్న కాలంలో దానికి వయసు దాదాపు పెరగదు. కాబట్టి దీని వయసు అడిగితే రెండు జవాబులుంటయి. బండ మీదికొచ్చి ఎన్నేండ్లయింది అనేది ఒకటి, అందులో ఎన్ని గంటలు తడిగ ఉంది అనేది ఇంకొకటి. రెండోదే దాని అసలు వయసు.

లెక్క చేద్దాం. సగటున రోజుకు రెండు గంటలే తడి దొరికిందనుకోండి. సాలుకు 730 గంటలు. బండ మీదికొచ్చి 60 ఏండ్లయిన మచ్చ మొత్తం తడిగ ఉన్నది 43,800 గంటలు, అంటే 1,825 రోజులు, సరిగ్గ ఐదేండ్లు. మిగతా 55 ఏండ్లు అది అక్కడే ఉంది గానీ మేల్కొని లేదు. ఇవి లెక్క అర్థమయ్యేటందుకు వేసుకున్న అంకెలు. మీ గుట్ట మీద అసలు అంకె ఎంతనో మీరే రాసుకోవాలె, ఎట్ల రాయాల్నో చెప్త.

ఎండి ఉన్నప్పుడు ఇది చాలా మొండిది. రోహిణి కార్తెలో మన బండ మీద చెప్పుల్లేకుండ కాలు పెట్టలేం, అయినా ఎండిన లైకెన్‌కు ఏమీ కాదు. 2005లో ఫోటాన్-ఎం2 అనే రష్యా ఉపగ్రహం మీద రెండు రకాల లైకెన్లను పంపి రెండు వారాలు అంతరిక్షంలో తెరిచి పెట్టిన్రు. గాలి లేదు, సూర్యుని తీవ్ర కిరణాలు నేరుగా తగిలినయి. కిందికి తెచ్చి తడిపితే ఒక రోజులోనే మళ్లీ ఆహారం తయారుచేసుకోవడం మొదలుపెట్టినయి.

అదే లైకెన్ తడిగ ఉన్నప్పుడు చాలా సున్నితం. ఐరోపా లైకెన్ల మీద చేసిన పరీక్షల్లో ఎండినవి 70 డిగ్రీల వేడిని కూడా తట్టుకున్నయి. తడిసినవేమో 35 నుంచి 46 డిగ్రీల మధ్యలోనే అరగంటకు దెబ్బతిన్నయి. అందుకే గట్టిగ చెప్తున్న, ఎండాకాలం మధ్యాహ్నం పిల్లలకు చూపిద్దామని కాలే బండ మీద నీళ్లు పొయ్యకండి. పచ్చరంగు తేలుతది, పిల్లలు సంబురపడతరు, కానీ మీరు దాన్ని ఉడకబెట్టినట్టే. చూపించాలంటే పొద్దుగాల, బండ చల్లగ ఉన్నప్పుడు.

వేడి లేకున్నా నీళ్లు చల్లడంలో ఇంకొక నష్టం ఉంది. ఈ రాయిని కిటికీ దగ్గర ఎందుకు పెట్టిన్నో ఇప్పుడు చెప్త. ఎండిన లైకెన్ తడవంగనే ముందుగాల ఖర్చే మొదలైతది. చెడిపోయిన పొరలు సరిచేసుకోవాలె, శ్వాస ఒక్కసారి ఎగుస్తది, దాచుకున్న చక్కెర కొంత కరిగిపోతది. ఆ తర్వాతనే నాచు పని అందుకొని సంపాదన మొదలైతది. వెలుతురు ఉండి, తడి కాసేపు నిలిస్తే ఖర్చుపోను మిగులుతది. చీకట్లో తడిపినా, తడిపిన పది నిమిషాలకే ఎండబెట్టినా, ఖర్చయ్యింది గానీ రాబడి లేదు. అట్ల మళ్లీ మళ్లీ చేస్తే దాచుకున్నది అయిపోయి చచ్చిపోతది. మే నెలలో నాలుగు చినుకులు పడి వెంటనే ఎండ కొడితే మనకు ఉక్కపోతే మిగులుతది, దానికి అప్పు మిగులుతది.

మరి తడి ఎంత ఎక్కువుంటే అంత మంచిదా? కాదు. ముసురు పట్టి మూడు రోజులు విడవకుండ కొడితే లోపలి దూది పొర కూడా నీళ్లతో నిండిపోతది. బొగ్గుపులుసు వాయువు లోపలికి పోయే దారి మూసుకుపోయి ఆహారం తయారీ పడిపోతది. దీనికి అన్నిటికన్నా మంచి రోజు ఎట్లాంటిదంటే, తెల్లారగట్ల ఒక జల్లు పడి, ఆ తర్వాత మధ్యాహ్నం దాకా మబ్బు పట్టి ఉండాలె. మిరుగు పోయి ఆరుద్ర పెద్దపుష్యాల కార్తెలు నడిచేటప్పుడు అట్లాంటి రోజులు మనకు కొన్ని దొరుకుతయి. రైతు కూడా ఆ రోజులకే ఎదురుచూస్తడు.

చలికాలం సంగతి వేరే. నాచు పచ్చనిదైతే లైకెన్‌కు నీటిబొట్టు కూడా అక్కరలేదు, తెల్లారకముందటి గాలిలో ఉండే తేమతోనే మేల్కొంటది. సంక్రాంతి ముందటి రోజుల్లో తెల్లారి ఆరు నుంచి ఎనిమిది దాకా గుట్ట ఎక్కి చూడండి, వాన లేకున్నా కొన్ని మచ్చలు మెత్తబడి పచ్చగ ఉంటయి. సూర్యుడెక్కంగనే ఎండిపోతయి. ఆ రెండు గంటలే ఆ రోజు దాని బతుకు. పచ్చ నాచు బదులు నీలి ఆకుపచ్చ నాచుతో కాపురం చేసే లైకెన్లు కూడా ఉంటయి. మన బండల మీద నల్లగ, ముదురు గోధుమరంగులో పొక్కుల్లాగ కనబడే రకాల్లో చాలావరకు ఇవే. వీటికి గాలి తేమ సరిపోదు, నిజంగ నీళ్లే తగలాలె. ఒక్క బండ మీద పక్కపక్కనే ఉన్న రెండు మచ్చల్లో ఒకటి చలికాలమంతా రోజూ పొద్దున మేల్కొంటది, ఇంకొకటి వాన మొహం చూసేదాకా పడుకునే ఉంటది. పదేండ్ల తర్వాత ఆ రెండింటి అసలు వయసులు ఒకటి కావు. పరిమాణం చూసి వయసు చెప్పేటోళ్లు ముందు పట్టుకోవల్సింది ఇదే.

ఇప్పుడు కొలత. ఏం కావాలె? కంసాలులు కంటికి పెట్టుకునే పది రెట్ల అద్దం, స్టీలు స్కేలు, వెర్నియర్ కాలిపర్, ఫోను, నోటుబుక్కు, పెన్సిలు. ఖరీదైనవి ఏమీ లేవు.

మొదలు అది లైకెనే అని రూఢి చేసుకోండి. గుట్టల మీద నీళ్లు జారిన దారి పొడుగునా నల్లటి చారలుంటయి, అవి చాలావరకు ఒంటరి నాచు పొరలు. పిట్టల రెట్ట తెల్లమచ్చలాగ ఉంటది, తడిపితే కరుగుతది. పాత సున్నం చుక్కలు, గోడల మీద పొంగే ఉప్పు కూడా మోసం చేస్తయి. అద్దం పెట్టి చూస్తే లైకెన్‌కు ఒక అంచు ఉంటది, మధ్యలో చిన్న గిన్నెల్లాంటివో పొడి చల్లినట్టో కనబడుతది. గిన్నెల్లో శిలీంధ్రం బీజాలుంటయి, పొడిలో శిలీంధ్రం నాచు రెండూ కలిసి ఉంటయి. ఆకుల్లాగ లేచి ఉండేది ఒక తీరు, బండకు రంగు వేసినట్టు అతుక్కుపోయేది ఇంకో తీరు. రెండోదాన్ని బండను పగలగొడితే తప్ప తియ్యలేం. ఆకుల తీరువి సాధారణంగ కొంచెం తొందరగ పెరుగుతయి, అతుక్కునేవి నెమ్మది. మంచుప్రాంతాల్లో సాలుకు మిల్లీమీటరులో పదో వంతు పెరిగేవి కూడా ఉన్నయి. రెండు తీర్లను ఒక్క పట్టికలో కలపకండి.

తర్వాత గుండ్రంగ, ఒంటరిగ ఉన్న మచ్చలు ఇరవై ఎంచుకోండి. రెండు మచ్చలు పెరిగి పెరిగి ఒకదాంట్ల ఒకటి కలిసిపోతే కంటికి పెద్ద ముసలి మచ్చలాగ కనబడుతది. ఎనిమిది ఆకారంలో ఉన్నవి, మధ్యలో నల్లగీత ఉన్నవి వదిలేయండి. ప్రతి మచ్చ కింద బండ ఏ దిక్కుకు వాలి ఉందో రాయండి. మన దగ్గర గుండుకు ఉత్తరం వైపు ముఖం చలికాలమంతా నీడలో ఉంటది, తడి ఎక్కువ సేపు నిలుస్తది. దక్షిణం వైపుది తొందరగ ఆరుతది. ఒకే గుండు మీద ఈ రెండు ముఖాల్లో ఒకే సైజు మచ్చలు దొరికితే వాటికి ఒకే వయసు అనుకోవద్దు.

ఫొటో ఎప్పుడూ మచ్చ ఎండి ఉన్నప్పుడే తియ్యాలె. తడిసినప్పుడు ఆకుల అంచులు ఉబ్బి సాగుతయి, ఆ సాగుడునే పెరుగుదల అనుకుంటరు. ఫోను బండకు సమాంతరంగ, ఒకే ఎత్తులో, అంటే 20 సెంటీమీటర్ల కర్ర ఆనించి పట్టుకోండి. స్కేలు మచ్చ పక్కనే అదే ఎత్తున ఉండాలె. పది రూపాయల బిళ్ల పెట్టి తీసేటోళ్లున్నరు, దాని వ్యాసం 27 మిల్లీమీటర్లు, పరవాలేదు, కానీ వంగిన బండ మీద బిళ్ల పక్కకు వాలితే కొలత పోతది.

మచ్చ పెరిగిందా అని చూడడానికి కదలని గుర్తులు కావాలె. చాలామంది చేసే తప్పు ఇక్కడే, బండ మీద పెయింటుతో చుక్క పెడతరు. వద్దు. మన గ్రానైటే మనకు గుర్తులిస్తది. నల్లగొండ, దేవరకొండ, భువనగిరి, మహబూబ్‌నగర్ బండల్లో గులాబీరంగు, తెల్లరంగు పలుకులు పెద్దపెద్దగ ఉంటయి. సుమారు 250 కోట్ల ఏండ్ల కిందట గట్టిబడ్డ పలుకులు, మనం పోయిన తర్వాత కూడా అక్కడే ఉంటయి. మచ్చ అంచు నుంచి ఒక పలుకు మూలకు దూరం కొలవండి. మచ్చ చుట్టూ ఎనిమిది దిక్కుల్లో ఎనిమిది పలుకులు పట్టుకోండి, ఎనిమిది కొలతల సగటు తియ్యండి. పారదర్శక షీటు మీద మార్కరుతో గీసుకోవడం పాత పద్ధతి. అందులో మార్కరు గీతే అర మిల్లీమీటరు మందం ఉంటది. కొన్ని మచ్చలు సాలంతా పెరిగేదే అంత. గీత లోపలి అంచు కొలిచిన్రా, బయటి అంచు కొలిచిన్రా అనే తేడాలో ఒక ఏడాది మాయమైతది.

అందుకే ఒక్క సాలు కొలిచి ఏమీ చెప్పలేం. మీ కొలతలో తప్పు అర మిల్లీమీటరు, పెరుగుడూ అర మిల్లీమీటరు అయితే ఆ అంకెకు అర్థం లేదు. ఐదేండ్లు, ప్రతి ఏడూ దీపావళి తర్వాత, వానలు ఆగిపోయిన వారంలో కొలవండి. పెరుగుడు రెండున్నర మిల్లీమీటర్లయితది, తప్పు మాత్రం అంతే ఉంటది. డిగ్రీ మూడేండ్లే కదా అంటరు. నిజమే, కాబట్టి నోటుబుక్కు కాలేజీకి చెందాలె, విద్యార్థికి కాదు. కింది తరగతోళ్లకు అప్పజెప్పి పోవాలె.

దాంతోపాటు తడి పుస్తకం. ఇది గుట్ట దగ్గర ఊర్లో ఉండే పిల్లలు చేసే పని. ఒక మచ్చ ఎంచుకొని పొద్దున ఆరుకు, తొమ్మిదికి, పన్నెండుకు, సాయంత్రం ఆరుకు, పడుకునే ముందు చూసి మూడు గడుల్లో ఒకదాంట్లో టిక్కు పెట్టాలె. పగటి తడి, రాత్రి తడి, పొడి. పగటి తడి రాబడి, రాత్రి తడి ఖర్చు, పొడి ఏదీ కాదు. రెండింటినీ కలిపి తడి అని ఒక్క గడిలో రాస్తే పుస్తకం పనికిరాదు. సాయంత్రం వానలు ఎక్కువున్న ఏడు, పొద్దుటి వానలు ఎక్కువున్న ఏడు వాన కొలత ఒకటే ఉండొచ్చు, మచ్చకు మాత్రం ఒకటి కరువు, ఒకటి పంట.

ఇప్పుడు దీంతో రాయి వయసు చెప్పే పద్ధతికి వస్త. దీన్ని 1950 ప్రాంతంలో రోలాండ్ బెషెల్ అనే ఆస్ట్రియా శాస్త్రవేత్త ఆల్ప్స్ పర్వతాల్లో మొదలుపెట్టిండు. హిమానీనదం వెనక్కి పోతే బయటపడ్డ రాళ్ల మీద లైకెన్ ఎంత పెరిగిందో చూసి, రాయి ఎప్పుడు బయటపడ్డదో చెప్పేటోడు. పద్ధతి సులువు. తారీఖు తెలిసిన రాళ్లు కావాలె. సమాధి రాళ్లు, రాతి వంతెనలు, సాలు చెక్కిన బావులు, కాలువ గోడలు. నాగార్జునసాగర్ డ్యాంకు 1955 డిసెంబరు 10న శంకుస్థాపన, 1967 ఆగస్టు 4న కాలువలకు నీళ్లు. తారీఖులు పక్కాగున్న రాతి కట్టడమే, కానీ అక్కడ భద్రత ఉంటది, పోవద్దు. ఊరి సమాధుల దగ్గర ఇంటోళ్లను అడిగి కొలవండి.

ఒక ఉదాహరణ, మళ్లీ వేసుకున్న అంకెలే. 65 ఏండ్ల రాయి మీద ఒక రకం మచ్చల్లో అన్నిటికన్నా పెద్దదాని వ్యాసం 40 మిల్లీమీటర్లు. 35 ఏండ్ల రాయి మీద అదే రకం 10 మిల్లీమీటర్లు. ముప్పై ఏండ్ల తేడాకు ముప్పై మిల్లీమీటర్ల తేడా, అంటే వ్యాసం సాలుకు ఒక మిల్లీమీటరు. మరి 10 మిల్లీమీటర్లకు పదేండ్లు పోతే మిగతా 25 ఏండ్లు ఏమైనయి? కొత్త రాయి గరుకుబారి, శిలీంధ్రం బీజం వచ్చి పడి, దానికి తగిన నాచు దొరికి, కంటికి ఆనేంత కావడానికి పట్టిన కాలం అది. ఈ ఆలస్యాన్ని మరిచిపోయేటోళ్లే ఎక్కువ. తారీఖు తెలియని రాయి మీద 60 మిల్లీమీటర్ల మచ్చ దొరికితే అరవైకి పాతిక కలిపి 85 ఏండ్లంటం. అయితే మన గ్రాఫు గీత 65 ఏండ్ల దాకానే కొలిచినం, ముసలి మచ్చ నెమ్మదిస్తది, కాబట్టి "కనీసం 85" అని రాయాలె. ఇంకో తప్పు, వ్యాసం, అర్ధవ్యాసం కలగలపడం. అంచు సాలుకు అర మిల్లీమీటరు జరిగితే వ్యాసం ఒక మిల్లీమీటరు పెరుగుతది. 60ని అరతోటి భాగిస్తే 120 అని వస్తది, అరవై ఏండ్లు ఎక్కువ చెప్పినట్టయితది.

ఆల్ప్స్ అంకెలు తెచ్చి మన గుట్టకు పెట్టకూడదు, తడి గంటలు వేరు కాబట్టి. మన పాత ఉమ్మడి జిల్లాలోనే ఒకచోటి గీత ఇంకోచోట పనికిరాదు. హుజూర్‌నగర్, మేళ్లచెరువు దిక్కు సున్నపురాయి, అక్కడ మొలిచే రకాలే వేరు. గ్రానైటు గోడలో కూడా రాయి మీద ఒకటి, మధ్యలో సున్నం అతుకు మీద ఇంకొకటి మొలుస్తది. సిమెంటు దుమ్ము, క్రషర్ దుమ్ము నిరంతరం పడే చోట గ్రానైటు మీద కూడా సున్నాన్ని ఇష్టపడే రకాలు వచ్చి చేరుతయి. గంధకం పొగ ఉన్నచోట చాలా రకాలు కనబడకుండ పోతయి. పారిస్ తోటల్లో లైకెన్లు తగ్గుతున్నయని 1866లోనే నైలాండర్ అనే లైకెన్ శాస్త్రవేత్త రాసిండు.

ఇక గుళ్లు. పానగల్లు గుడి రాళ్ల మీద మచ్చ కొలిచి కందూరు చోళుల కాలం లెక్క తేల్చొచ్చా అని అడుగుతరు. తేల్చలేం. గుడి రాయిని కడుగుతరు, నూనె పూస్తరు, పసుపు రాస్తరు, మరమ్మతులప్పుడు తోముతరు. తోమిన ప్రతిసారి లెక్క సున్నా నుంచి మొదలైతది. దీనికి తలకిందులు కూడా ఉంది. శ్రీశైలం ముంపులో పోకుండ కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని విప్పి అలంపురంలో మళ్లీ కట్టిన్రు. అట్ల మార్చిన రాళ్ల మీద పాత మచ్చ మిగిలి ఉంటే అది కట్టడం కన్నా పెద్దదైతది. రాతి ముఖం ఎటు తిరిగిందో కూడా మారిపోతది, ఉత్తరం చూసిన మచ్చ దక్షిణం చూస్తే చచ్చిపోవచ్చు. శాసనం, శిల్పం ఉన్న రాయిని ముట్టుకోవద్దు, దూరం నుంచి ఫొటో చాలు.

ఏమన్నా అడుగుతరా?

ప్రశ్న: ఇది బండను తింటదంటరు, శిల్పాల మీద నుంచి గీకెయ్యడం మంచిదే కదా సార్?

దీని పోగులు పలుకుల సందుల్లోకి దూరుతయి, ఆమ్లాలు వదులుతయి, తడిసి ఉబ్బి ఎండి కుంచించుకుంటూ రేణువులను వదులు చేస్తయి. నిజమే. కానీ వైరు బ్రష్షుతో గీకితే ఆ వదులైన రేణువులన్నీ దాంతోనే ఊడొస్తయి, ముక్కు, కన్ను, అక్షరం అన్నీ పోతయి. అది శిల్ప సంరక్షణ నేర్చినోళ్లు చెయ్యాల్సిన పని. వాళ్లు ముందు దాన్ని చంపి, మెత్తబడ్డ తర్వాత మెల్లగ తీస్తరు, కొన్నిచోట్ల ఉంచెయ్యడమే మేలంటరు. గుట్ట మీది మామూలు బండ గురించైతే బెంగ వద్దు. ఆ రేణువుల నుంచే మన్ను మొదలైతది.

ప్రశ్న: ఇంట్లో కుండీలో రాయి పెట్టి, రోజూ నీళ్లు పోసి పెంచుకోవచ్చా?

రోజూ నీళ్లు పోసి తడిగ ఉంచితే చస్తది. ఎప్పుడూ తడి ఉంటే ఆ ఇద్దరి కాపురమే చెడిపోతది. నాచు విచ్చలవిడిగ పెరుగుతది, లేదంటే వేరే బూజు వచ్చి పడుతది, నత్తలు తింటయి, మచ్చ కుళ్లి విడిపోతది. దానికి తడి ఎంత అవసరమో, ఎండిపోవడం కూడా అంతే అవసరం. పెంచుకోవడానికి తేవద్దు, ఉన్నచోటికి మీరే పోయి చూడండి.

ప్రశ్న: గుట్ట మీద దొరికింది రాతిపువ్వులాగ వాడుకోవచ్చా?

వద్దు. అంగట్లో దొరికేది వేరే రకం, హిమాలయాలు, పడమటి కనుమల దిక్కు నుంచి వస్తది. చూపుకు ఒకేలాగ ఉన్నా రకాలు వేరు, అన్నీ తినదగ్గవి కావు. అరచేతంత మచ్చ గీకడానికి ఒక నిమిషం, మళ్లీ అంత కావడానికి ఎన్ని తడి గంటలో ఇప్పటిదాకా లెక్క వేసినం.

టైము పదిన్నర. రాయి చూడండి, అంచులు మళ్లీ బూడిదరంగుకు తిరిగినయి, మధ్యలో కొంచెం పచ్చ మిగిలింది. ఫ్యాను గాలికి తొందరగ ఆరింది. యాభై నిమిషాలు వెలుతురులో తడి దొరికింది, ఖర్చు పోను ఎంతో కొంత మిగిలి ఉంటది. ఇయ్యాల ఇంక దీని మీద ఎవరూ నీళ్లు చల్లకండి. దీన్ని తెచ్చేటప్పుడు అడుగున సుద్దముక్కతో బాణం గీసిన, ఉత్తరం ఎటో తెలిసేటట్టు. సాయంత్రం క్వారీ దిక్కు పోయేటోళ్లు ఎవరైనా ఉంటే తీసుకపోయి, బాణం ఉత్తరానికి పెట్టి, తీసిన గుంతలోనే కూర్చోబెట్టి రండి.